పాత సిద్ధాంతాలు, మన క్యాలిక్యులేటర్ – 3వ పాఠం: ఏ సంవత్సరంతో పోల్చాలి?

పోయిన పాఠంలో శ్లోకంలోంచి అంకెను బయటికి తీయడం చూశాం. ఇవాళ ఆ అంకె ఎంతవరకు నిలబడుతుందో చూద్దాం. కాగితం, క్యాలిక్యులేటర్ దగ్గర పెట్టుకోండి.

ఆర్యభటుడి గ్రంథం ఆర్యభటీయం లెక్క ఇది. ఒక మహాయుగంలో, అంటే 43,20,000 ఏళ్లలో, సూర్యుడి చుట్లు ఏడాదికొకటి చొప్పున 43,20,000. భూమి తన చుట్టూ తాను తిరిగేది 1,58,22,37,500 సార్లు. ఇందులోంచి సూర్యుడి చుట్లు తీసేస్తే 1,57,79,17,500. ఇవే మనం సూర్యోదయాలతో లెక్కపెట్టే రోజులు. తీసివేత ఎందుకంటారా? నక్షత్రాలను బట్టి చూస్తే భూమి ఏడాదికి ఎన్నిసార్లు తిరుగుతుందో, సూర్యోదయాలు అంతకంటే ఒకటి తక్కువే వస్తాయి.

రోజులను 43,20,000తో భాగించండి. 365.25868 వస్తుంది. అంటే 365 రోజుల 6 గంటల 12 నిమిషాల 30 సెకన్లు.

తడబడేది ఇక్కడే. నేనూ మొదట్లో 365.2422తో పోల్చి, దాదాపు 24 నిమిషాలు తప్పిందని పెదవి విరిచాను. అది ఋతువుల సంవత్సరం, సాయనం. ఆర్యభటుడిది నక్షత్రాల సంవత్సరం, నిరయనం. దాని నేటి విలువ 365 రోజుల 6 గంటల 9 నిమిషాల 10 సెకన్లు. అసలు తేడా 3 నిమిషాల 20 సెకన్లే. టెలిస్కోపు లేని క్రీ.శ. 499 నాటికి ఇది గట్టి లెక్కే. అలాగని తు.చ. తప్పకుండా సరిపోయిందనీ అనకండి.

మరి ఆ 24 నిమిషాలు ఏమయ్యాయి? మన సంక్రాంతిలో ఉన్నాయి! దాన్ని నిరయనంతోనే లెక్కిస్తాం కదా. ఏటా అంత పోగైతే సుమారు 60 ఏళ్లకు ఒక రోజు. ఆర్యభటుడి కాలంలో మకర సంక్రాంతి, అసలు ఉత్తరాయణం దాదాపు కలిసే వచ్చేవి. ఇప్పుడు సూర్యుడు డిసెంబరు 21, 22 తేదీల్లోనే ఉత్తరానికి మళ్లుతాడు. మనం భోగిమంటలు వేసేది జనవరి మధ్యలో.

ఇంకో జాగ్రత్త. పుస్తకానికి మొత్తంగా మార్కులు వేయకండి, వాక్యానికి వేయండి. వరాహమిహిరుడి జ్యోతిష గ్రంథం బృహత్సంహితే చూడండి. చంద్రగ్రహణానికి కారణం భూమి నీడ అని చెప్పిన అధ్యాయంలోనే, ఏ నెలలో గ్రహణం పడితే ఎవరికి కీడో కూడా ఉంటుంది. మొదటిది లెక్కకు నిలుస్తుంది. రెండోదానికి గ్రహణాల జాబితా, చరిత్ర పక్కపక్కన పెట్టి, ఫలించనివి కూడా లెక్కపెట్టాలి. ఆ పని 5వ పాఠంలో.

ఇంటిపని: మహాయుగంలో చంద్రుడి చుట్లు 5,77,53,336. నక్షత్ర మాసం ఎన్ని రోజులు? పున్నమి నుంచి పున్నమికి ఎన్ని? రెండోదానికి భూమి దగ్గర చేసిన తీసివేత లాంటిదే పనికొస్తుంది. నేటి విలువలు 27.32166, 29.53059. తేడాను సెకన్లలో రాయండి.