రాళ్ల మీది తేదీలు, మూడో పాఠం: పకాల్ వయసెంత?

ముందు పోయిన పాఠం చివర ఇచ్చిన లెక్క చూద్దాం. 365ని మాయా (మెక్సికో, గ్వాతెమాలా ప్రాంతపు పాత నాగరికత) అంకెల్లో వేయమన్నాను. పై గడిలో 18 (మూడు గీతలు, మూడు చుక్కలు), కింది గడిలో 5 (ఒక్క గీత) వేసి ఉంటే మీకు పూర్తి మార్కులు. 18 ఇరవైలు 360, దానికి 5 కలిపితే 365. చుక్క ఒకటి, గీత ఐదు, గవ్వ సున్నా, ఒక గడి పైకి పోతే ఇరవై రెట్లు. కోమల్‌కాల్కోలో ఆ కాల్చిన ఇటుకల గుళ్ల నీడలో కూర్చుని నేర్చుకున్నది ఇంతే.

ఇవాళ అదే 365ని ఇంకోలా రాస్తాం. యాత్రలో మూడో రోజు ఇది. వ్యాను తబాస్కో మైదానం దాటి చియాపాస్ కొండల అంచుకు చేరింది. ఎదురుగా పాలెంకే, పకాల్ అనే మాయా రాజు ఏలిన ఊరు. పొద్దున్నే వెళ్తే అడవిలోంచి కోతుల అరుపులు వినిపిస్తాయి. మొదటిసారి విన్నవాళ్లు పులేమో అనుకుంటారు, నేనూ అనుకున్నాను. ఇక్కడి రాళ్ల మీద ఉన్నవి ఉత్త అంకెలు కావు, తేదీలు.

తేదీల్లో గడుల లెక్క కొంచెం మారుతుంది. కిన్ అంటే రోజు. 20 కిన్‌లు ఒక వినాల్. ఇక్కడిదాకా పాత పద్ధతే. తర్వాతి గడికి మాత్రం ఇరవై రెట్లు కాదు, పద్దెనిమిది రెట్లే: 18 వినాల్‌లు ఒక తున్, అంటే 360 రోజులు. ఏడాదికి దగ్గరగా ఉండేలా ఆ ఒక్క గడిలో సర్దుకున్నారు. అక్కణ్ణుంచి మళ్లీ ఇరవైలే. 20 తున్‌లు ఒక కాతున్ (7,200 రోజులు), 20 కాతున్‌లు ఒక బాక్తున్ (1,44,000 రోజులు). ఇదేం గందరగోళం అనుకోకండి. మన తాతలు 12 పైలు ఒక అణా, 16 అణాలు ఒక రూపాయి అంటూ సంతలో నోటిలెక్క కట్టినవాళ్లే.

కాబట్టి రోజుల లెక్కలో 365 అంటే 1.0.5. ఒక తున్, సున్నా వినాల్, ఐదు కిన్‌లు. పెద్ద గడి ముందు, చిన్న గడి చివర. వినాల్ గడిలో మీకు 18 గానీ 19 గానీ కనబడితే చదవడంలో ఎక్కడో తప్పు జరిగిందన్నమాట. అక్కడ 17 దాటదు.

ఈ లెక్క మొదలైన రోజు క్రీ.పూ. 3114 ఆగస్టు 11. ఇప్పటి మన క్యాలెండర్‌నే వెనక్కి పొడిగిస్తే వచ్చే తేదీ ఇది. కొన్ని పుస్తకాల్లో రెండు మూడు రోజుల తేడా కనిపిస్తుంది, దాని గురించి టెన్షన్ పడకండి. పంచాంగం గుణించేవాళ్లను అడిగితే అహర్గణం అంటారు చూడండి, కలియుగం మొదలైన దగ్గర్నుంచి ఇవాళ్టికి ఎన్ని రోజులు గడిచాయో ఒకే అంకెలో చెప్పడం, ఇదీ అలాంటిదే. కలియుగానికి చెప్పే క్రీ.పూ. 3102కీ దీనికీ పన్నెండేళ్లే తేడా. అది చూసి వాట్సాప్ కథలు అల్లేవాళ్లు ఉన్నారు. కాకతాళీయం, అంతే.

చదివే వరుస కూడా చెప్పాలి. అక్షరాలు రెండేసి నిలువు వరుసల్లో ఉంటాయి. ఎడమది, దాని పక్కది, తర్వాత కింది వరుసలో ఎడమది, పక్కది, ఇలా మెట్లు దిగినట్టు చదవాలి. అంకె అక్షరానికి ఎడమ పక్కనో, నెత్తి మీదో ఉంటుంది. రాతి మీద సున్నా గవ్వలా ఉండదు, మూడు రేకులు కనిపించే పువ్వులా ఉంటుంది. కొన్నిచోట్ల అంకెలకు బదులు ముఖాలు చెక్కారు, వాటి జోలికి ఇప్పుడే వెళ్లొద్దు.

ఇక అసలు తేదీ. పాలెంకే రాజభవనం లోపలి ముంగిట్లో అక్షరాలు చెక్కిన మెట్ల వరుస ఒకటుంది. అందులో ఈ ఊరి పెద్ద రాజు కినిచ్ జనాబ్ పకాల్ పుట్టినరోజు ఉంది: 9.8.9.13.0. రోజుల్లోకి మార్చండి.

9 బాక్తున్‌లు 12,96,000. 8 కాతున్‌లు 57,600. 9 తున్‌లు 3,240. 13 వినాల్‌లు 260. కిన్‌లు సున్నా. మొత్తం 13,57,100 రోజులు. మన లెక్కలో క్రీ.శ. 603 మార్చి 24.

ఈ పొడవాటి లెక్కతో పాటు ఇంకో రెండు చక్రాలు తిరుగుతుంటాయి. 13 అంకెలు, 20 రోజుల పేర్లు కలిసి తిరిగే 260 రోజుల చక్రం ఒకటి. నెలలతో తిరిగే 365 రోజుల చక్రం ఇంకొకటి. రెండూ కలిసి అదే చోటికి రావడానికి 18,980 రోజులు, అంటే సుమారు 52 ఏళ్లు పడుతుంది. మనకు ప్రభవ, విభవ అరవై ఏళ్లకోసారి తిరిగొచ్చినట్టు. పకాల్ పుట్టినరోజు ఈ చక్రాల్లో 8 అహావ్ 13 పోప్. 8 అహావ్ మొదటి చక్రంలోది (అహావ్ రోజు పేరు), 13 పోప్ రెండోదాంట్లోది (పోప్ నెల పేరు).

అహావ్ అని ఎలా తెలిసింది? ఇది చాలా తేలిక. పొడవాటి లెక్కలో ఆఖరి గడి చూడండి. సున్నా అయితే అహావ్, ఎప్పటికీ అంతే. 1 నుంచి వరసగా: ఇమిష్, ఇక్, అక్బల్, కాన్, చిక్చాన్, కిమి, మనిక్, లమట్, ములుక్, ఒక్, చువెన్, ఎబ్, బెన్, ఇష్, మెన్, కిబ్, కబాన్, ఎట్స్‌నబ్, కవాక్. నోట్‌బుక్ అట్ట లోపల రాసిపెట్టుకోండి, కంఠస్థం అక్కర్లేదు.

ముందున్న 8కి మాత్రం లెక్క కావాలి. మొత్తం రోజుల్ని 13తో భాగించి, శేషానికి 4 కలపాలి (లెక్క మొదలైన రోజు 4 అహావ్ కాబట్టి). కానీ వ్యాను సీట్లో కూర్చుని 13,57,100ని 13తో ఎవరు భాగిస్తారు? దానికో కిటుకు ఉంది. 4తో మొదలుపెట్టండి. బాక్తున్ అంకె తీసేయండి. కాతున్ అంకెకు రెట్టింపు తీసేయండి. తున్ అంకెకు నాలుగు రెట్లు తీసేయండి. వినాల్ అంకెకు ఏడు రెట్లు కలపండి. కిన్ అంకె కలపండి. వచ్చింది 1 నుంచి 13 లోపలికి వచ్చేదాకా 13లు తీసేయండి, లేదా కలపండి.

పకాల్ పుట్టినరోజుకి: 4 లోంచి 9, 16, 36 తీసేసి 91 కలిపితే 34. రెండు పదమూళ్లు తీసేస్తే 8. అయిపోయింది.

ఈ కిటుకు విలువ నాకు అక్కడి మ్యూజియంలో తెలిసొచ్చింది. శాసనాల ఆలయం అడుగున ఉన్న పకాల్ సమాధి గదిలోకి ఇప్పుడు మామూలు యాత్రికుల్ని పోనివ్వరు. రాతి పెట్టె నకలు మ్యూజియంలో ఉంది. మూత దాదాపు 3.8 మీటర్ల పొడవు, 2.2 మీటర్ల వెడల్పు. అందరూ మూత మీది బొమ్మనే చూస్తారు, రాకెట్ నడుపుతున్నాడన్న పాత పుకారు పుణ్యమా అని. మీరు మూత అంచు చూడండి. దక్షిణం వైపు అంచులో రెండు తేదీలున్నాయి, పుట్టినది, పోయినది. నేను శ్రద్ధగా దించుకున్నాను. మొదటిది 8 అహావ్ 13 పోప్. రెండోది 8 ఎట్స్‌నబ్ 13 యాష్.

గైడమ్మ నా నోట్‌బుక్ చూసి, పెన్సిల్ తీసుకుని రెండో తేదీలో ప్రతి అంకె పక్కనా రెండేసి చుక్కలు కొట్టేసింది. "మధ్యలోదే చుక్క. అటూ ఇటూ ఉన్నవి అలంకారాలు" అంది.

చెక్కేవాళ్లకు ఖాళీ నచ్చదు. గీత మీద ఒక్కటే చుక్క పెట్టాల్సి వస్తే బోసిగా ఉంటుందని దానికి అటూ ఇటూ చిన్న నెలవంకల్లాంటివి చెక్కుతారు. రెండు చుక్కలుంటే వాటి మధ్యలో ఒకటి ఇరికిస్తారు. దూరం నుంచి చూస్తే అన్నీ మూడు చుక్కలే. దగ్గరికెళ్లి చూడండి: నిండుగా, గుండ్రంగా ఉంటేనే చుక్క. వంపు తిరిగినా, అడ్డగీతలున్నా లెక్కలోకి రాదు. నేను 6ని 8 అనీ, 11ని 13 అనీ చదివాను. అసలు తేదీ 6 ఎట్స్‌నబ్ 11 యాష్.

ఆవిడ చెప్పకపోయినా తప్పు పట్టుకోవచ్చు. ఒక్కో రోజు పేరు పక్కన నెల అంకెలు నాలుగే రాగలవు. ఎట్స్‌నబ్ పక్కన 1, 6, 11, 16, అంతే. 13 రానే రాదు. అహావ్ పక్కన 3, 8, 13, 18. అంటే నా 13 యాష్ పుట్టే అవకాశమే లేని తేదీ.

పకాల్ పోయిన రోజుకి పొడవాటి లెక్క 9.12.11.5.18. కిటుకు వేయండి: 4 లోంచి 9, 24, 44 తీసేసి 35, 18 కలిపితే మైనస్ 20. రెండు పదమూళ్లు కలిపితే 6. ఆఖరి గడి 18, అంటే ఎట్స్‌నబ్. కుదిరింది. మొత్తం రోజులు 13,86,478. అందులోంచి పుట్టినప్పటి 13,57,100 తీసేస్తే 29,378 రోజులు. అంటే 80 ఏళ్ల 158 రోజులు. పోయింది 683 ఆగస్టు 29న.

ఈ ఒక్క తీసివేత మీద పెద్ద గొడవే నడిచింది. సమాధిని కనిపెట్టినవాడు అల్బెర్తో రూస్ లుయిలియె. ఆలయం నేల పలకలో రాతి బిరడాలు బిగించిన రంధ్రాలు చూసి అనుమానం వచ్చి పలక లేపించాడు. కింద మెట్లు, నిండా రాళ్లూ మట్టీ. అవి తోడడానికి నాలుగు సీజన్లు పట్టింది. 1952 జూన్‌లో గది దొరికింది. ఎముకలు పరీక్షించినవాళ్లు ఆ మనిషి నలభై, యాభై మధ్య పోయాడన్నారు. 1973లో పాలెంకేలోనే జరిగిన సమావేశంలో లిండా షీలీ, పీటర్ మాథ్యూస్, ఫ్లాయిడ్ లౌన్స్‌బరీ శాసనాలు చదివి ఎనభై అన్నారు. రూస్ 1979లో పోయేదాకా ఒప్పుకోలేదు.

మీరే చూడండి. మూత అంచు మీద ఉన్నవి చక్రపు తేదీలే, పొడవాటి లెక్క లేదు. కాబట్టి ఆ రెంటి మధ్య దూరంలో 18,980 రోజులు తగ్గొచ్చు, పెరగొచ్చు. 29,378 లోంచి తీసేస్తే 10,398 రోజులు, అంటే ఇరవై ఎనిమిదిన్నర ఏళ్లు. పెంచితే 132 దాటుతుంది. ఆ అంచుని ఇలా చదివాక 28 రావచ్చు, 80 రావచ్చు, నలభై యాభై మాత్రం రాదు. ఇక 28 సంగతి: ఆలయంలోని పలకలు 9.12.0.0.0 కాతున్ ముగింపు, అంటే 672 దాకా పకాల్ పాలనలోనే చెబుతాయి. 603లో పుట్టినవాడికి అప్పటికే అరవై తొమ్మిది దాటాయి. తర్వాత ఎముకల్ని మళ్లీ పరీక్షించినవాళ్లూ ముసలితనం వైపే మొగ్గారు. రూస్ మొండివాడని నేననను, చేతిలో ఎముకలున్న మనిషి ఎముకల్నే నమ్ముతాడు. ఆయన సమాధి కూడా అక్కడే ఉంది, ఆ ఆలయానికి ఎదురుగా. వ్యాను ఎక్కేముందు ఒక నిమిషం ఆగి వెళ్లండి.

ఇంటిపని రెండు లెక్కలు. ఒకటి, పకాల్ గద్దెనెక్కిన రోజు 9.9.2.4.8. రోజు పేరు, ముందున్న అంకె చెప్పండి, అప్పటికి వయసెంతో కట్టండి. రెండు, 9.13.17.15.12కి కూడా రోజు పేరు, అంకె కట్టండి. ఈ రెండోది, రేపు మనం వెళ్లబోయే మాయా ఊరు యష్చిలాన్‌లోని 24వ ద్వారబంధపు రాయి మీది తేదీకి పొడవాటి లెక్క. రాణి ముళ్ల తాడు నాలుకలోంచి లాగుతున్న రాయి అది, ఇప్పుడు లండన్‌లో బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. మిగిలినవి చాలావరకు గుమ్మాల పైనే ఉన్నాయి.

రేపు తెల్లవారుజామునే బయల్దేరతాం. ఫ్రోంతేరా కొరొసాల్ దాకా వ్యాను, అక్కణ్ణుంచి ఉసుమసింత నది మీద పడవ. అవతలి ఒడ్డు గ్వాతెమాలా. యష్చిలాన్‌లో చాలా బొమ్మలు ద్వారబంధం అడుగువైపు, మన నెత్తి మీద చెక్కి ఉంటాయి, మెడ వెనక్కి వాల్చి చూడాలి. లోపల చీకటి. టార్చి పెట్టుకోండి, నెలవంకలూ చుక్కలూ తేడా తెలియాలంటే వెలుతురు పక్క నుంచి పడాలి.