అమెరికా నల్లవాళ్ల సినిమాలు ఏ వరుసలో చూడాలి: ఒక పాత రెప్ సలహా

నేను సినిమా రెప్‌గా, అంటే పంపిణీదారు తరఫు మనిషిగా, బతికినవాణ్ణి. రీలు డబ్బాల వెంట ఊరికెళ్లి, హాల్లో కలెక్షన్ లెక్క చూసుకుని, షేరు ఆఫీసుకు చేర్చడమే పని. అందుకే ఏ సినిమా చూసినా, ముందు దీని హక్కులు ఎవరి చేతిలో ఉన్నాయని అడుగుతాను. మీరూ ఆ ప్రశ్నతోనే మొదలుపెట్టండి. అవార్డుల జాబితా పక్కన పెట్టండి.

మొదట నల్లజాతి దర్శకుడు ఆస్కార్ మిషో 1920లో తెచ్చిన ‘విదిన్ అవర్ గేట్స్’ చూడండి. మూకీ, గంటన్నర లోపే. కాపీరైట్ తీరిపోయింది, యూట్యూబ్‌లో ఉచితం. మిషో తన ప్రింట్లు తనే పట్టుకుని ఊరూరా తిరిగి ఆడించుకున్నాడు. మా వృత్తికి పెద్దాయన అన్నమాట! అమెరికాలో ఈ సినిమా ఆనవాలు లేకుండా పోతే, 1970ల్లో స్పెయిన్‌లో ఒక ప్రింటు బయటపడింది. మధ్యలో ఒక ముక్క లేదు, అక్కడ కథను కార్డు మీద రాసి చెప్పేస్తారు. గజిబిజిగా ఉందని ఆపేయకండి. చివర్లో ఫ్లాష్‌బ్యాక్ వస్తుంది. తెల్లమూక ఒక కుటుంబాన్ని ఉరితీసే ఘట్టం అందులోనే ఉంది. షికాగో సెన్సారు వాళ్లు జంకింది దానికే. అంతకు ముందు ఏడాదే ఆ ఊళ్లో జాతి అల్లర్లు జరిగాయి.

1971 నాటి డిటెక్టివ్ సినిమా ‘షాఫ్ట్’ లాంటివి సరదాగా చూసేయండి, తయారీ ఏమీ అక్కర్లేదు.

చార్లెస్ బర్నెట్ ‘కిల్లర్ ఆఫ్ షీప్’కి మాత్రం ఓపిక కావాలి. లాస్ ఏంజెలెస్‌లోని వాట్స్ పేటలో, శని ఆదివారాల్లో, పదివేల డాలర్ల లోపు ఖర్చుతో తీసిన విద్యార్థి సినిమా. కథ కోసం వెతక్కండి. ఇద్దరు మిత్రులు పాత ఇంజిన్ కొని, మెట్ల మీంచి దింపి, బండెక్కించే సీను చూడండి చాలు. 1970ల్లో పూర్తయిన ఈ సినిమా, పాటల హక్కులు తేలక, 2007 దాకా థియేటర్లకు సరిగా రాలేదు. డబ్బా సిద్ధంగా ఉండి హాలు తలుపు తెరుచుకోకపోవడమంటే ఏమిటో నాకు తెలుసు.

జూలీ డాష్ ‘డాటర్స్ ఆఫ్ ది డస్ట్’ (1991)లో గల్లా యాస, అంటే ఆగ్నేయ తీరపు దీవుల్లోని నల్లవాళ్ల మాట, మొదట్లో చెవికి అందదు. పదినిమిషాలు ఓర్చుకోండి, అలవాటవుతుంది.

ఇక 2025 నాటి రక్తపిశాచాల సినిమా ‘సిన్నర్స్’. ఇరవై అయిదేళ్లయ్యాక హక్కులు తనకే తిరిగి వచ్చేలా దర్శకుడు ర్యాన్ కూగ్లర్ స్టూడియోతో ఒప్పందం రాయించుకున్నాడు. మా రోజుల్లో ఏ దర్శకుడైనా ఆ మాట అడిగి ఉంటే నిర్మాత కుర్చీలోంచి లేచి నిలబడేవాడు. ఇంట్లో చూస్తుంటే, పాటకచేరీ హాలుగా మార్చిన పాత మిల్లులో పాట మొదలై, పూర్వీకుల వాద్యగాళ్లూ రేపటి డీజేలూ ఒకే గుంపులో కలిసినప్పుడు సౌండు పెంచండి. పక్కింటివాళ్లకు ముందే చెప్పి ఉంచుకోండి.