డేనిష్ టీవీలో కళల గురించి రాయాలనుకుంటే

డెన్మార్క్ టీవీలో చిత్రకళ, సంగీతం, నాటకం మీద రాసే పని కావాలంటే ఉద్యోగ ప్రకటనల్లో 'రచయిత' అన్న మాట కోసం వెతక్కండి. ఇక్కడ ఆ పని చేసేవాళ్లని 'తిల్‌రెట్టెలెగ్గర్' అంటారు. విషయం తవ్వడం, ఇంటర్వ్యూకి ప్రశ్నలు తయారు చేయడం, ఎడిటర్ పక్కన కూర్చుని వ్యాఖ్యానం రాయడం చాలాసార్లు ఒక్కరి మీదే పడతాయి. నేను చేసేదీ ఇదే. ఇందులో నాకు అన్నిటికంటే ఇష్టమైనది ఆ చివరి పని.

ఆర్హుస్‌లోని మీడియా, జర్నలిజం కళాశాల చాలామందికి మొదటి మెట్టు. చదువు మధ్యలో జీతంతో ఇంటర్న్‌షిప్ ఉంటుంది, పరిచయాలు ఏర్పడేది అప్పుడే. అయితే నన్నడిగితే కళాచరిత్ర చదివి, తర్వాత టీవీ పని నేర్చుకున్నవాళ్లకే ఈ రంగంలో ఎక్కువ కాలం నిలిచే బలం ఉంటుంది. కెమెరా పని చూస్తూ నేర్చుకోవచ్చు. బొమ్మ ముందు నిలబడి ఏం చూడాలో తెలియడానికి మాత్రం ఏళ్లు పడుతుంది. డేనిష్ రాకుండా ఈ పని కుదరదు. విదేశీ కళాకారులతో ఇంగ్లీషులో మాట్లాడి కింద సబ్‌టైటిల్ వేయొచ్చు గానీ వ్యాఖ్యానం డేనిష్‌లోనే ఉండాలి.

ఇక మీ చేతి పని చూపించడానికి అయిదు నిమిషాల నమూనా తయారు చేయండి. ముందు హక్కుల సంగతి చూసుకోండి. కళాకారుడు పోయాక డెబ్బై ఏళ్లదాకా కాపీరైట్ ఉంటుంది. అస్గర్ యోర్న్ 1973లో పోయాడు కాబట్టి ఆయన బొమ్మ చూపాలంటే ఇప్పటికీ అనుమతి కావాలి. అలాంటి అనుమతులు చూసే సంస్థ విస్డా. సంగీతానికైతే కోడా. విల్‌హెల్మ్ హామర్స్‌హోయ్ 1916లోనే పోయాడు కాబట్టి ఆయన బొమ్మలకు ఆ ఇబ్బంది లేదు. పైగా కోపెన్‌హేగన్‌లోని జాతీయ కళా మ్యూజియం హక్కులు తీరిపోయిన బొమ్మల ఫొటోలను ఉచితంగా వాడుకోనిస్తుంది. కొత్తవాళ్లు అక్కడ మొదలుపెట్టడం మంచిది.

హామర్స్‌హోయ్ 1900లో వేసిన ఒక బొమ్మ ఓర్‌డ్రుప్‌గార్ మ్యూజియంలో ఉంది. ఖాళీ గది, మూసిన తలుపు, కిటికీలోంచి ఏటవాలుగా ఎండ, అందులో తేలే ధూళి. కొత్తగా రాసేవాళ్లు సరిగ్గా ఇవే వ్యాఖ్యానంలో పెడతారు. ఇవన్నీ తెర మీద ఉన్నాయి, కొట్టేయండి. ప్రేక్షకుడికి కంటితో దొరకనిదే రాయాలి: "క్రిస్టియన్స్‌హాన్‌లో, స్ట్రాండ్‌గేడె ముప్ఫై నంబరు ఇల్లు. భార్య ఇడాతో పదకొండేళ్లు ఇక్కడే ఉన్నాడు. ఈ గదులనే మళ్లీ మళ్లీ గీశాడు." కెమెరా తలుపు మీద ఉండగానే ఈ మాటలు అయిపోవాలి. అది నేల మీది ఎండ దగ్గరికి వచ్చేసరికి వ్యాఖ్యానం ఆగాలి. ఆ మౌనాన్ని కూడా స్క్రిప్టులో సెకన్లు వేసి రాయండి, లేకపోతే ఎడిటింగ్‌లో ఎవరో ఒకరు అక్కడ సంగీతం నింపేస్తారు. నేను పేజీని రెండు వరసలుగా చేసి ఎడమ పక్క దృశ్యం, కుడి పక్క మాట రాస్తాను. రాసిన ప్రతి వాక్యాన్నీ స్టాప్‌వాచ్ పట్టుకుని పైకి చదువుతాను. ఊపిరి తిప్పుకోవాల్సి వచ్చిన చోట వాక్యాన్ని రెండు చేస్తాను.

అవకాశాల విషయం కొంచెం కష్టంగానే ఉంది. డెన్మార్క్ ప్రజా ప్రసార సంస్థ డిఆర్ సంస్కృతి కోసమే 2009లో మొదలుపెట్టిన డిఆర్ కె ఛానెల్ 2020 మొదట్లో ఆగిపోయింది. 2018లో రాజకీయ ఒప్పందం డిఆర్ బడ్జెట్‌ను అయిదేళ్లలో 20 శాతం తగ్గించాలని నిర్ణయించడం వల్ల వచ్చిన మార్పుల్లో అదొకటి. ఆ కార్యక్రమాల్లో కొంత భాగం అదే సంస్థ మరో ఛానెల్ డిఆర్ 2కి వెళ్లింది. నాకు ఇది పెద్ద నష్టమే అనిపిస్తుంది, ఎందుకంటే నిదానంగా సాగే కార్యక్రమాలకు డిఆర్ కెలో చోటుండేది. అందుకని ఒక్క ఛానెల్‌నే నమ్ముకోకండి. నిర్మాణ సంస్థలకూ, లూసియానా మ్యూజియంలా సొంతంగా వీడియోలు తీసే చోట్లకూ రాయండి.

ప్రతిపాదన ఒక్క పేజీ దాటకూడదు. ఎవరి గురించి, ఎక్కడ తీస్తారు, తలుపు తీసి లోపలికి రానిచ్చేది ఎవరు, ఇప్పుడే ఎందుకు. ఈ చివరిదానికి జవాబు చాలాసార్లు రాబోయే ప్రదర్శనలో దొరుకుతుంది. మ్యూజియంలు ప్రదర్శనలను చాలా ముందే ఖరారు చేసుకుంటాయి కాబట్టి, వాళ్ల ప్రెస్ విభాగంతో పరిచయం పెంచుకుని బొమ్మలు గోడకెక్కకముందే రాయండి. ఫ్రీలాన్స్‌గా దిగేవాళ్లు డేనిష్ జర్నలిస్టుల సంఘంలోనూ, నిరుద్యోగ బీమా నిధిలోనూ మొదట్లోనే చేరండి. ఎడిటింగ్ గంటలకు విడిగా డబ్బు రాయించుకోకుండా ఒప్పందం మీద సంతకం పెట్టకండి.