ఆర్థిక వాదాలను తూచడం – 5వ పాఠం: గిరాకీ పెంచితే సరుకు పెరుగుతుందా, ధర పెరుగుతుందా?

గత పాఠంలో గుణకం, అంటే మొదట పెట్టిన ఖర్చు చివరికి ఎన్ని రెట్ల ఆదాయం అవుతుందో చెప్పే అంకె, కట్టడం నేర్చుకున్నాం. చేతికొచ్చిన ప్రతి 100 రూపాయల్లో 80 ఖర్చయి, ఆ 80 అందుకున్నవాళ్లు మళ్లీ 64 ఖర్చుపెట్టి, అలా సాగితే మొత్తం ఆదాయం 500కు చేరుతుందని, అంటే గుణకం 5 అని లెక్క తేలింది. 1931లో రిచర్డ్ కాన్ ఈ లెక్కకు రూపమిచ్చాడు. 1936లో బ్రిటిష్ ఆర్థికవేత్త కీన్స్ దాన్ని తన సిద్ధాంతానికి కేంద్రం చేశాడు. ప్రైవేటు ఖర్చు పడిపోయినప్పుడు ప్రభుత్వం ఖర్చు పెంచి గిరాకీని నిలబెట్టాలన్నది ఆ సిద్ధాంతం సారం.

గ్రూప్స్‌కు చదివేవాళ్లు దీని విమర్శలను ఒక వరుసగా, సమర్థనలను ఇంకో వరుసగా బట్టీ పడుతుంటారు. దాంతో మార్కులు రావచ్చు. పొద్దున పేపర్లో బడ్జెట్ వార్త చదివి ‘ఇది ఇక్కడ పనిచేస్తుంది, అక్కడ చేయదు’ అని చెప్పగలగడం మాత్రం రాదు. ఈ పాఠంలో సాధన చేసేది దాన్నే.

ముందు డబ్బు ఎటు పోతుందో చూడండి. దేవరకద్ర వైపు ఒక ఊళ్లో చెరువు పూడిక పని జరిగిందనుకుందాం. కూలి 100 రూపాయల్లో 20 చీటీకో పాత అప్పుకో పోయింది. 40 ఊరు దాటింది: ఫోన్ రీచార్జి, మందులు, నూనె ప్యాకెట్, హైదరాబాద్ ఆస్పత్రి ఖర్చు. ఊళ్లో తిరిగింది మిగిలిన 40: కూరగాయలు, టైలర్, ఆటో, కల్లు. ఇప్పుడు గుణకం 5 కాదు. ప్రతి రూపాయిలో ఊళ్లో తిరగనిది 60 పైసలు కాబట్టి, ఒకటిని 0.6తో భాగించండి, సుమారు 1.67 వస్తుంది. అంటే ఆ ఊరికి 500 కాదు, 167 మాత్రమే. ‘చూశారా, ఊళ్లో డబ్బు నిలవడం లేదు’ అని విమర్శకుడు అంటాడు. ఊరి మట్టుకు ఆ మాట నిజమే. కానీ ఆస్పత్రికి పోయిన డబ్బు హైదరాబాద్‌లో ఇంకొకరి జీతమైంది కదా. దేశం లెక్కలో అది ఎటూ పోలేదు. నూనె ప్యాకెట్ సంగతి వేరు. మన దేశం వాడే వంటనూనెలో సగానికి పైగా దిగుమతే, పామాయిల్ డబ్బు ఇండోనేషియాకో మలేషియాకో చేరుతుంది. కాబట్టి ఎవరు ఏ వాదం చేసినా, లెక్క ఊరిదా, రాష్ట్రానిదా, దేశానిదా అని ముందు అడగండి. హద్దు చెప్పకుండా గుణకం చెప్పేవాళ్లను నమ్మకండి.

ఇక అసలు విమర్శకు వద్దాం. నా దృష్టిలో మనకు అన్నిటికంటే పనికొచ్చేది అమెరికా నుంచి వచ్చింది కాదు, మన ఆర్థికవేత్త వి.కె.ఆర్.వి. రావు 1952లో చేసింది. కేంబ్రిడ్జిలో చదివి, కీన్స్‌ను లోతుగా ఎరిగిన మనిషి ఆయన. ఆయన వాదం సూటిగా ఉంటుంది. కీన్స్ చూసిన బ్రిటన్‌లో మనుషులే కాదు, యంత్రాలూ ఖాళీగా ఉన్నాయి. గిరాకీ వస్తే ఫ్యాక్టరీ మళ్లీ తిరుగుతుంది, సరుకు వస్తుంది. వ్యవసాయ దేశంలో చేతులు ఖాళీగా ఉన్నా, తిండిగింజలు ఖాళీగా పడి ఉండవు. కూలి అందగానే పేదవాడు మొదట కొనేది తిండి. వచ్చే పంట దాకా తిండి పెరగదు. అందుకని పెరిగేది ధర.

ఈ విమర్శకు ఈ రోజు ఎంత బలముందో సరుకు సరుకుకూ విడిగా చూడాలి. బియ్యం విషయంలో పాత బలం లేదు. సాగర్ ఎడమ కాలువ కింద పండిన వడ్లు మిర్యాలగూడ మిల్లుల్లో ఆడుతున్నాయి, ప్రభుత్వ గోదాముల్లో నిల్వలుంటాయి. కందిపప్పు దగ్గరికొస్తే రావు గారి మాటే గెలుస్తుంది. నారాయణపేట వైపు కంది చాలావరకు వాన మీదే ఆధారం. మే నెలలో గిరాకీ పెరిగిందని మే నెలలో కంది కాయదు.

చేతుల విషయంలో కూడా ‘ఖాళీ’ అనేది ఏడాది పొడవునా ఒకేలా ఉండదు. 2006 ఫిబ్రవరిలో ఉపాధి హామీ మొదలైనప్పుడు తొలి 200 జిల్లాల్లో మహబూబ్‌నగర్, నల్లగొండ రెండూ ఉన్నాయి. ఏప్రిల్, మే నెలల్లో చెరువు అడుగంటి, పొలంలో పని లేనప్పుడు గడ్డపార పట్టిన మనిషిని ఆ పని ఎవరి దగ్గరనుంచీ లాక్కోలేదు. ఆ కూలి కొత్త ఆదాయం. కీన్స్ చెప్పినది అక్షరాలా జరుగుతుంది. అదే పని జులై, ఆగస్టుల్లో పెడితే నాట్లకూ పత్తిలో కలుపుకూ కైకిలోళ్లు దొరకరు, రేటు పెరుగుతుంది. రైతు కోపానికి అప్పుడు కారణం ఉంది. ఊరు ఒకటే, పథకం ఒకటే. మే నెలలో సమర్థన నిలుస్తుంది, ఆగస్టులో విమర్శ నిలుస్తుంది. ఒక మాట మాత్రం గట్టిగా చెప్పాలి. నాటు రేటు పెరగడాన్ని ఉత్త నష్టంగా రాసేవాళ్లు, ఆ పెరిగిన రూపాయి బురదలో వంగి నాటేసిన ఆడమనిషి చేతికి చేరిందని కూడా రాయాలి.

ఇప్పుడు ఒక సాధన. 2008 ప్రపంచ ఆర్థిక సంక్షోభంలో కేంద్రం ఎక్సైజ్ సుంకాలు తగ్గించింది, ఖర్చు పెంచింది. కేంద్రం ద్రవ్యలోటు 2007-08లో జీడీపీలో 2.5 శాతం ఉండగా 2009-10కి 6.5 దగ్గరకు పోయింది. 2009 డిసెంబరులో ఆహార ద్రవ్యోల్బణం 20 శాతం అంచుకు చేరింది. ‘గిరాకీ పెంచారు, ధరలు మండాయి’ అని విమర్శ వచ్చింది. తొందరపడి ఒప్పుకోకండి. 2009లో నైరుతి వానలు సాధారణం కంటే 22 శాతం తగ్గాయి. ఆ వెంటనే అక్టోబరు మొదట్లో కృష్ణ, తుంగభద్ర పొంగి కర్నూలునూ అలంపూర్ ప్రాంతాన్నీ ముంచాయి. పంట లేక పెరిగిన ధర ఎంత, డబ్బు ఎక్కువై పెరిగిన ధర ఎంత? వేరు చేయడానికి ఒక దారి ఉంది. తిండి మాత్రమే ప్రియమైతే మూలం పొలంలో వెతకండి. 2010లో తయారీ సరుకుల ధరలు కూడా పెరగడం మొదలైంది, అక్కడి నుంచి విమర్శకు బలం వచ్చింది. ఈ సుంకాల కోత, ఖర్చు పెంపు అనే ఉద్దీపన ఇవ్వడం సరైనదే, వెనక్కి తీసుకోవడంలో ఆలస్యం జరిగిందని నా అంచనా.

కీన్స్ సిద్ధాంతం మీద అమెరికా ఆర్థికవేత్త ఫ్రీడ్‌మన్ కొట్టిన దెబ్బ ఇంకో రకం. 1967 డిసెంబరులో ఆయన చేసిన ప్రసంగం ప్రకారం, ధరలు పెరగనిచ్చి నిరుద్యోగాన్ని ఎల్లకాలం తక్కువగా ఉంచలేం. జనం ధరల పెరుగుదలను ముందే లెక్కలోకి తీసుకుని జీతాలు అడుగుతారు. 1970లలో ధరలు, నిరుద్యోగం రెండూ కలిసి పెరగడంతో ఆయన మాటకు విలువ పెరిగింది. కీన్స్ వైపువాళ్లు 1973 చమురు ధరను చూపారు గానీ, అంచనాల పాత్రను తమ నమూనాల్లో చేర్చుకోక తప్పలేదు. 1976లో మరో అమెరికా ఆర్థికవేత్త లూకాస్ దీన్ని ఇంకా ముందుకు తీసుకెళ్లాడు: విధానం మారితే మనుషుల నడవడిక మారుతుంది, కాబట్టి పాత లెక్కలతో కొత్త విధానాన్ని కొలవలేం. తెలంగాణలో పట్టాదారులకు పంట పెట్టుబడి సాయంగా ఇచ్చిన, 2025లో రైతు భరోసాగా మారిన రైతుబంధు మీద ఈ వాదాన్ని పరీక్షించండి. ఎకరానికి ఇంత సాయం ఏటా వస్తుందని అందరికీ తెలిశాక, పట్టాదారు కౌలు మాట్లాడేటప్పుడు ఏం చేయవచ్చు? సాగు చేసే కౌలుదారు చేతిలో ఎంత మిగలవచ్చు? రెండు వాక్యాల్లో రాయండి.

ప్రభుత్వం అప్పు చేస్తే వడ్డీ పెరిగి ప్రైవేటు పెట్టుబడి తగ్గుతుందన్న విమర్శను వచ్చే పాఠంలో రిజర్వు బ్యాంకుతో కలిపి చూద్దాం. అప్పటిదాకా ఒక పని. మీ ఊరి కిరాణం దుకాణంలో పింఛన్లు అందిన వారాన్నీ, దానికి ముందు వారాన్నీ గమనించండి. ఉద్దెర ఎంత తీరింది, ఏ సరుకు ఎక్కువ అమ్ముడుపోయింది, దేని ధర కదిలింది, దేనిది కదలలేదు? బియ్యం, కందిపప్పు, నూనె, టమాట – నాలుగింటినీ విడివిడిగా రాసుకోండి. ధర కదిలిన ప్రతి సరుకు పక్కన, అది ఎక్కడ తయారవుతుందో, ఎన్నాళ్లలో ఎక్కువ తేగలరో దుకాణదారును అడిగి రాయండి. 6వ పాఠం ఆ కాగితంతోనే మొదలుపెడదాం.