కరోనాలాంటి రోజుల్లో కాలేజీ బాస్కెట్‌బాల్ ఫైనల్ జరపాలంటే

2021 ఏప్రిల్ 6న పొద్దున్న ఆరూ యాభైకి, విజయనగరంలో మా వంటింటి గట్టు మీద ఫోన్ నిలబెట్టుకుని ఉప్మా కలుపుతూ అమెరికా కాలేజీల ఫైనల్ చూశాను. వాళ్ళకి అప్పుడు ఏప్రిల్ 5 రాత్రి. ఊరు ఇండియానాపోలిస్, జట్లు బేలర్, గొంజాగా. గొంజాగా ఆ ఏడు 31 మ్యాచ్‌లాడి ఒక్కటీ ఓడలేదు. బేలర్ మాత్రం వస్తూనే 9–0 కొట్టి, చివరికి 86–70తో గెలిచింది. ఆట అయ్యాక నాకు మిగిలిన ప్రశ్న ఒక్కటే: ఈ పిల్లల్ని ఇక్కడిదాకా ఎలా తెచ్చారు? అంతకుముందు ఏడాది, 2020 మార్చి 12న, ఇదే టోర్నీని మొత్తానికే రద్దు చేశారు. ఈ రెండు జట్లే 2020 డిసెంబర్ 5న ఇదే ఊళ్ళో ఆడాల్సింది. గొంజాగాలో పాజిటివ్‌లు వచ్చి ఆ రోజే ఆపేశారు. నాలుగు నెలలు తిరిగేసరికి అదే ఊళ్ళో, అవే జట్లు, ఫైనల్లో.

నేను డిగ్రీ కాలేజీలో పీడీని, అంటే ఆటలు చూసుకునే ఫిజికల్ డైరెక్టర్‌ని. 2022 ఫిబ్రవరిలో మూడో వేవ్ తగ్గుతున్నప్పుడు నాలుగు కాలేజీల టోర్నీ మా దగ్గర జరిగింది. అబ్బాయిల ఫైనల్, అమ్మాయిల ఫైనల్, రెండూ ఒకే రోజు. మళ్ళీ అలాంటి జబ్బు వస్తే మరో పీడీకి అక్కరకొస్తుందని ఇది రాస్తున్నాను.

డ్రా తీయకముందే, ఏ పరిస్థితిలో మ్యాచ్ ఆపేస్తామో కాగితం మీద రాసి అన్ని కాలేజీల చేతా సంతకాలు పెట్టించండి. మిగతా పనులన్నీ దీని తర్వాతే. ఆ అమెరికా టోర్నీలోనే 2021 మార్చి 20న వీసీయూ (వర్జీనియా కామన్‌వెల్త్ యూనివర్సిటీ), ఒరెగాన్ జట్లు ఆడాలి. సుమారు మూడు గంటల ముందు వీసీయూ జట్టుని ఆపేశారు, పాజిటివ్‌లు ఒకటి కంటే ఎక్కువ వచ్చాయి. ఒరెగాన్ ఆడకుండానే తర్వాతి రౌండుకి వెళ్ళింది. అలాంటప్పుడు ఏం చెయ్యాలో ముందే రాసిపెట్టుకోకపోతే, అప్పటికప్పుడు ఏ పీడీకీ నోరు రాదు. మా కాగితంలో మూడే సంగతులు. కనీసం ఎంతమంది ఉంటే ఆడతారు? బాస్కెట్‌బాల్‌కి అయిదుగురు చాలు, మేం ఏడుగురని రాసుకున్నాం. అలిసిపోయిన పిల్లల్ని అయిదుగురితో నలభై నిమిషాలు ఈడ్చకూడదు. ఆట లేకపోతే కప్పు ఎవరిది? లీగ్‌లో ఎక్కువ గెలిచినవాళ్ళది. ఆపే మాట ఎవరిది? డాక్టరుది. పీడీదీ కాదు, ప్రిన్సిపాల్‌దీ కాదు. నా జట్టు గెలుస్తుందనిపించిన రోజున థర్మామీటర్‌లో నూటొకటి ఉన్నా నా కంటికి తొంభైతొమ్మిదిలాగే కనిపిస్తుంది.

రెండోది నేను తప్పు చేసి నేర్చుకున్నాను. 2021 మార్చిలో ప్రాక్టీసు నడుస్తుండగా ‘మ్యాచ్ ముందు ఎవరూ సెలవు అడగొద్దు’ అని గట్టిగా అనేశాను. ఒక అబ్బాయి జ్వరం మాత్ర వేసుకుని మూడు రోజులు ఆడాడు. ‘ఏట్రా, కళ్ళు ఎర్రగున్నాయి?’ అంటే ‘నిద్ర లేదు మేడమ్, నాకేటీ అవ్వలేదు’ అన్నాడు. వారం తిరక్కుండా నలుగురు పడ్డారు. ఒకడి ఇంట్లో నాయనమ్మ పదకొండు రోజులు ఆస్పత్రిలో ఉంది. ఆవిడ కోలుకుని ఇంటికొచ్చేదాకా నాకు అన్నం సహించలేదు. ఆ అబ్బాయిని నేను ఏమీ అనలేదు. అలా దాచుకునేలా చేసింది నా మాటే.

అందుకని 2022లో మొదటి రోజే అందరి ముందూ మాటిచ్చాను. ఒంట్లో బాగోలేదని చెప్పినవాళ్ళ జెర్సీ నంబరు ఇంకొకరికి ఇవ్వను. సర్టిఫికెట్, బస్సు ఖర్చు, మెడల్ అన్నీ వాళ్ళకీ ఉంటాయి. ఎవరికి జబ్బో నా నోట బయటికి రాదు. ఈ మాట తల్లిదండ్రుల ముందు కూడా చెప్పండి. ఇంట్లో ‘ఇన్నాళ్ళు ఆడి ఇప్పుడు మానేస్తావా’ అనేది వాళ్ళే.

ఇక పరీక్షలు. అమెరికా జట్లు ఇండియానాపోలిస్‌కి బయల్దేరే ముందు ఒక్కొక్కరికీ వరసగా ఏడు రోజులు నెగెటివ్ రావాలన్నారు. వెళ్ళాక తలకో గది, రోజూ పరీక్ష. మన కాలేజీకి అంత డబ్బు లేదు. మేం చేసింది జట్టుని నలుగురేసి మూడు ముక్కలు చెయ్యడం. పది రోజులపాటు ఆ నలుగురే కలిసి ప్రాక్టీసు, ఆ నలుగురే ఒక ఆటోలో, ఆ నలుగురే దగ్గర కూర్చుని టిఫిన్. జట్టంతా కలిసి ఆడింది ఆఖరి రెండు రోజులే, అదీ ర్యాపిడ్ పరీక్ష అయ్యాక. ఒకరికి వస్తే నలుగురు ఆగుతారు, పన్నెండుమంది ఆగరు. రెఫరీలని మరిచిపోకండి. ఇండియానాపోలిస్‌లో టోర్నీ మొదలవకముందే ఒక రెఫరీకి పాజిటివ్ వస్తే, అతనితో తిరిగిన అయిదుగురిని కూడా ఇంటికి పంపించేశారు. మా రెఫరీలు ఇద్దరూ ఒకే బండి మీద వచ్చేవారు. వేరువేరుగా రమ్మని బతిమాలుకున్నాను.

చోటు విషయంలో, హాలు ఉన్నా సరే, బయటి సిమెంటు కోర్టే మేలు. గాలి ఆడుతుంది. ఇండియానాపోలిస్ ఫైనల్‌కి స్టేడియంలో పట్టే జనంలో పాతిక శాతానికి మించి రానివ్వలేదు. మన ఊరి జనానికి సరదా ఎక్కువ. సిరిమాను జాతర చూసినవాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. పిల్లకి ఇద్దరు చొప్పున ఇంటివాళ్ళు, అంతే అన్నాం. మెట్ల మీద బారకొక గుర్తు చొప్పున సున్నంతో గీశాం. చేతులు రెండూ చాపితే బార, ఆరడుగులు. టేపు వెతుక్కునే పని లేదు.

నీళ్ళ సీసాల దగ్గరే ఎక్కువ జాగ్రత్త కావాలి, ఎందుకంటే టైమవుట్‌లో ఎవరి సీసా అందితే అది ఎత్తేస్తారు. ముందు మెడికల్ ప్లాస్టర్ మీద బాల్‌పెన్నుతో పేర్లు రాసి అంటించాం. పావుగంటలో చెమట చేతులకి సిరా అలికిపోయి ‘లత’ ఏదో ‘గీత’ ఏదో తెలియలేదు. తర్వాత సీసా మెడకి జెర్సీ నంబరు రాసిన గుడ్డపీలిక ముడేశాం. పీలిక చేతికి తగలగానే తమదో కాదో చూసుకునేవారు. బంతులు మూడు ఉంచుకుని క్వార్టర్‌కొకటి మార్చండి. సబ్బునీళ్ళలో పిండిన గుడ్డతో తుడిచి ఆరనివ్వండి. శానిటైజర్ పోస్తే పై తోలు పాడై చేతికి జారుతుంది. రెఫరీ విజిల్‌కి చిన్న గుడ్డసంచి తొడగండి. మ్యాచ్ అయ్యాక చేతులు కలపడం వద్దు, ఎవరి గీత మీద వాళ్ళు నిలబడి దండం పెడితే చాలు.

అన్నిటికన్నా కష్టం, జబ్బు తగ్గినవాళ్ళని మళ్ళీ ఆడించడం. బేలర్ సంగతే చూడండి. 17 మ్యాచ్‌లు గెలిచాక ఫిబ్రవరిలో కరోనా వల్ల దాదాపు మూడు వారాలు ఆట ఆగిపోయింది. తిరిగొచ్చాక ఐయోవా స్టేట్ మీద చెమటోడ్చి గెలిచారు. తర్వాత కాన్సాస్ చేతిలో 58–71తో ఓడారు. ఆ సీజన్‌లో వాళ్ళకి అదే మొదటి ఓటమి. షూటింగ్ త్వరగానే తిరిగొస్తుంది. డిఫెన్స్ కాళ్ళలో ఉంటుంది, అది ఆఖరున వస్తుంది. ఏప్రిల్లో గొంజాగాని ఊపిరాడనివ్వని ఆ డిఫెన్స్ వెనక అయిదు వారాల ఓపిక ఉంది.

కాబట్టి డాక్టరు సరేననేదాకా పరుగు వద్దు. ఆ తర్వాత నడక, నిలబడి షూటింగ్, మెల్లగా జాగింగ్, డ్రిల్స్, ముగ్గురు ముగ్గురుగా ఆట. ఒక్కో మెట్టుకి కనీసం ఒక రోజు. రాత్రికి ఆయాసం వస్తే వెనక మెట్టుకి దిగాలి. గుండెలో నొప్పి, దడ, కళ్ళు తిరగడం, వీటిలో ఏదొచ్చినా ఆట ఆపి ఆస్పత్రికి తీసుకెళ్ళండి, ‘అలసటేలే’ అని సరిపెట్టుకోవద్దు. మ్యాచ్‌లో కోర్టంతా వెంటబడి అడ్డుకునే ఫుల్ కోర్ట్ ప్రెస్ మానేసి, ఎవరి చోటు వాళ్ళు కాసుకునే జోన్ ఆడించండి, మూడు నాలుగు నిమిషాలకి మనిషిని మార్చండి. ‘ఇంకాసేపు ఉంటాను మేడమ్’ అంటారు. వినకండి.

అమ్మాయిల గురించి ఒక మాట. అదే ఏడాది శాన్ ఆంటోనియోలో అమ్మాయిల టోర్నీకి ఇచ్చిన వ్యాయామ సామాను ఒక్క డంబెల్ స్టాండు, కొన్ని మ్యాట్లు. ఒరెగాన్ క్రీడాకారిణి సెడోనా ప్రిన్స్ దాన్ని వీడియో తీసి లోకానికి చూపించాక గానీ జిమ్ రాలేదు. అక్కడి ఫైనల్ స్టాన్‌ఫర్డ్ 54, అరిజోనా 53, ఒక్క పాయింటు తేడా! ఖర్చు తగ్గించాల్సి వచ్చినప్పుడల్లా ముందు కోత పడేది అమ్మాయిలకే అని నేను ఆడే రోజుల నుంచీ చూస్తున్నాను. మేం ఎండెక్కకముందు ఆరున్నరకి అమ్మాయిల ఫైనల్, ఎనిమిదిన్నరకి అబ్బాయిలది పెట్టాం.

ఆ రోజు తెల్లవారుజామున అయిదూ నలభైకి మా అమ్మాయిల జట్టులో గార్డు స్థానంలో ఆడే పిల్ల ఫోన్ చేసింది. గజపతినగరం దగ్గర పల్లె వాళ్ళది. ‘మేడమ్, రాత్రి కాణ్ణించి గొంతు మండతంది. సెప్పకుండా వచ్చేద్దామనుకున్నాను గానీ మనసొప్పలేదు.’ పరీక్ష చేయిస్తే పాజిటివ్. ఆమె గుంపులో మిగతా ముగ్గురినీ డాక్టరు ఆపేశారు. ఎనిమిదిమందిమి మిగిలాం. కాగితం ప్రకారం ఆడాం. ఆమె జెర్సీని బెంచి మీద ఖాళీ కుర్చీకి తొడిగారు పిల్లలు. 41–38తో గెలిచాం.

మెడల్స్ బల్ల మీద పరిచి ఎవరిది వాళ్ళనే తీసుకోమన్నాం. చివరికి బల్ల మీద నాలుగు మిగిలాయి. ఎనిమిదో రోజున ఆమె మెడల్ పట్టుకుని వాళ్ళ ఊరు వెళ్ళి, గుమ్మం బయటే నిలబడి అందించాను. దాన్ని గుప్పిట్లో పట్టుకుని, ‘స్కోరు షీటు తెచ్చారా మేడమ్?’ అని అడిగింది.