జూనియర్ బేసిక్ మీకంటే ఎక్కువగా ఉందా? టీచర్లు స్టెప్ అప్‌కు దరఖాస్తు చేసే విధానం

ఒకే డీఎస్సీలో ఎంపికై, సీనియారిటీ జాబితాలో మీ కింద ఉన్న టీచరు ఇవాళ మీకంటే ఎక్కువ బేసిక్ తీసుకుంటున్నారంటే అందులో ఆయన తప్పేమీ లేదు, మీ తప్పూ లేదు. చాలా కేసుల్లో మీకు ప్రమోషన్ ముందుగా రావడమే దానికి కారణం. సీనియర్ బేసిక్‌ను జూనియర్‌తో సమానం చేయడాన్నే స్టెప్ అప్ అంటారు. దీనికోసం ఉమ్మడి రాష్ట్రంలోనే 22-2-1994న జీఓ ఎంఎస్ నం. 75 ఇచ్చారు. కానీ ఇది తనంతట తాను అమలు కాదు, మీరే అడగాలి.

తేడా ఎలా వస్తుందో చూడండి. ఒకే పోస్టులో 6, 12, 18, 24 ఏళ్లు నిండినవారికి ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీం (ఏఏఎస్) కింద పై స్కేళ్లు వస్తాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2022 వేతన సవరణ (పీఆర్సీ)తో 30 ఏళ్ల స్కేలు కూడా చేరింది. సీనియర్ ఆ గడువు నిండకముందే సెకండరీ గ్రేడ్ టీచరు (ఎస్‌జీటీ) నుంచి స్కూల్ అసిస్టెంట్ అయిపోయారు. కొత్త పోస్టులో లెక్క మళ్లీ మొదటి నుంచి మొదలవుతుంది. జూనియర్ మాత్రం ఎస్‌జీటీగానే ఉండి స్కేలు తీసుకుని, పెరిగిన బేసిక్‌తో ప్రమోషన్‌లోకి వచ్చారు. ఏపీ 2022 స్కేళ్లలో 60,260 తర్వాతి మెట్టు 61,960. అంటే ఒక్క మెట్టు వెనకబడితే నెలకు 1,700 రూపాయలు పోతాయి. డీఏ, హెచ్ఆర్ఏ కూడా ఆ బేసిక్ మీదే లెక్కకడతారు కాబట్టి అసలు నష్టం ఇంకా ఎక్కువ. సమాన పనికి సమాన వేతనం అని రాజ్యాంగం 39(డి) అధికరణంలో రాసుకున్నాం. అదే బడిలో, అదే సబ్జెక్టు చెబుతున్న ఇద్దరిలో సీనియర్‌కే తక్కువ జీతం రావడం నా దృష్టిలో చిన్న విషయం కాదు.

దరఖాస్తుకు ముందు మీ కేసు నిలబడుతుందో లేదో చూసుకోండి. ఇద్దరూ కింది పోస్టులో ఒకే కేటగిరీలో, ఒకే సీనియారిటీ యూనిట్‌లో ఉండి, రెగ్యులర్‌గా అదే పోస్టుకు ప్రమోషన్ పొంది ఉండాలి. రెండు పోస్టుల స్కేళ్లూ ఇద్దరికీ ఒకటే కావాలి. డైరెక్ట్ రిక్రూట్‌మెంట్‌లో వచ్చిన స్కూల్ అసిస్టెంట్ తనను ప్రమోషన్‌లో వచ్చినవారితో పోల్చుకోవడానికి వీల్లేదు. అంతర్ జిల్లా బదిలీపై వచ్చినవారు కొత్త జిల్లాలో సీనియారిటీ చివర చేరతారు కాబట్టి పాత జిల్లా జూనియర్‌ను చూపించలేరు. జూనియర్‌కు కుటుంబ నియంత్రణ ఇంక్రిమెంటు లాంటి వ్యక్తిగత ప్రయోజనం వల్ల ఎక్కువ వస్తుంటే అది లెక్కలోకి రాదు. నాకు తెలిసిన ఒక టీచరమ్మ ఫైలు సరిగ్గా ఇక్కడే ఆగింది. జూనియర్ బేసిక్‌లో ఆ ఇంక్రిమెంటును కూడా కలిపేసి పట్టిక రాశారు. కొర్రీ పడింది, మళ్లీ రాసేసరికి నెలలు గడిచాయి.

అందుకే అన్నిటికంటే ముఖ్యమైన కాగితం కంపారిటివ్ స్టేట్‌మెంట్. ఒక తెల్ల కాగితం మీద మధ్యలో గీత గీసి ఎడమవైపు మీరు, కుడివైపు జూనియర్. మొదటి నియామకం తేదీ, సీనియారిటీ నంబరు, ఏటేటా ఇంక్రిమెంటు తేదీ, బేసిక్, ప్రతి పీఆర్సీలో బేసిక్ ఖరారు (ఫిక్సేషన్), ఏఏఎస్ స్కేలు తీసుకున్న తేదీ, ప్రమోషన్ తేదీ ఇలా వరుసగా దించండి. ఏ తేదీన జూనియర్ బేసిక్ మీది దాటిందో ఆ వరుస కింద ఎర్ర గీత పెట్టండి. మీరు అడిగేది ఆ తేదీ నుంచే. ప్రతి అంకె సర్వీస్ రిజిస్టర్ (ఎస్ఆర్)‌లో ఉన్నట్టే ఉండాలి, గుర్తున్నంత వరకు రాయొద్దు.

దీనికి జూనియర్ ఎస్ఆర్ జిరాక్స్ కావాలి. మొహమాటపడకుండా ఆయన్నే అడగండి, ఇస్తే ఆయన జీతం పైసా తగ్గదు. ఉద్యోగుల నెలజీతం వివరాలు సమాచార హక్కు చట్టం 4(1)(బి) కింద కార్యాలయమే వెల్లడించాలి గానీ, ఎస్ఆర్ పేజీలకు మాత్రం ఆయన సమ్మతి ఉంటేనే పని సులువవుతుంది. ఇద్దరి ప్రమోషన్ ఉత్తర్వులు, సీనియారిటీ జాబితా, ఫిక్సేషన్ ప్రొసీడింగ్స్ కాపీలు కూడా జతచేయండి.

స్కూల్ అసిస్టెంట్లకు నియామకాధికారి జిల్లా విద్యాధికారి (డీఈఓ). కాబట్టి దరఖాస్తు డీఈఓ పేరు మీద రాసి, మీ జీతం బిల్లు పెట్టే అధికారి (డీడీఓ) ద్వారా పంపాలి. రెండో కాపీ మీద తేదీతో రసీదు సంతకం, ముద్ర తీసుకోవడం మరవొద్దు. కొర్రీ వస్తే అడిగిన అంశానికే జవాబు రాసి, పాత ఉత్తరం నంబరు వేసి తిప్పి పంపండి. తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా ఇమ్మని అడగండి. పై అధికారికి అప్పీలు పెట్టాలన్నా అదే ఆధారం.

బేసిక్ ఇద్దరిదీ సమానంగానే ఉండి, జూనియర్‌కు ఇంక్రిమెంటు మీకంటే ముందు నెలలో పడుతుంటే అది వేరే కేసు. దానికి 25-10-1983 నాటి జీఓ 297 కింద ఇంక్రిమెంటు తేదీని ముందుకు జరపమని (ప్రీపోన్‌మెంట్) అడగాలి.

మంజూరు ఉత్తర్వు వచ్చాక మొదట ఎస్ఆర్‌లో నమోదు చేయించి, డీడీఓ సంతకం పడిందో లేదో మీ కళ్లతో చూసుకోండి. ఆ తర్వాతే కొత్త బేసిక్‌తో జీతం బిల్లు, ఎరియర్స్ బిల్లు. రిటైర్మెంట్ దగ్గర్లో ఉన్నవారు పెన్షన్ ప్రతిపాదనలు వెళ్లకముందే దీన్ని పూర్తి చేయించుకోండి, పెన్షన్ లెక్కించేది చివరి బేసిక్ మీదే.