తన మీద తానే తిరగబడే మాట: సమస్య – పరిష్కారం

తన గురించి తాను చెప్పుకునే ప్రతి మాటా చెడిపోయినది కాదు. "ఈ వాక్యంలో అయిదు మాటలే ఉన్నాయి" అన్నది లెక్కపెట్టి చూడండి, సరిగ్గానే ఉంది. అలాంటిదాన్ని ముట్టుకోవద్దు.

సమస్య: ఒంగోలులో ఒక అపార్ట్‌మెంట్ నోటీసు బోర్డు మీద "ఈ బోర్డు మీద ఉన్నవన్నీ అబద్ధాలే" అనే చీటీ కనిపించిందనుకోండి. నిజమంటే అబద్ధమైపోతోంది.

కారణం: చాలామంది ఇక్కడే తొందరపడతారు. ముందు మిగతా నోటీసులు చదవండి. "రేపు ట్యాంకు కడుగుతారు, నీళ్లు రావు" అన్నది నిజమైతే చాలు, చీటీ మామూలు అబద్ధం. మిగతావన్నీ అబద్ధాలైనప్పుడో, బోర్డు మీద ఆ చీటీ ఒక్కటే ఉన్నప్పుడో, అబద్ధమన్నా నిజమైపోయి ముడి పడుతుంది. అక్షరం మారకుండానే, చుట్టూ ఉన్నవాటిని బట్టి లోపం వస్తుంది, పోతుంది. 1975లో తర్కవేత్త సాల్ క్రిప్కీ గట్టిగా చెప్పింది ఇదే. ఈ విద్యలో నాకు అన్నిటికన్నా నచ్చిన సంగతీ ఇదే.

పరిష్కారం: "ఈ చీటీ తప్ప" అని చేర్చండి. ఒక భాషలోని మాటల నిజానిజాలు ఆ భాషలో కాక, పై మెట్టు భాషలో చెప్పాలని తర్కవేత్త ఆల్ఫ్రెడ్ టార్‌స్కీ 1930లలో చూపిన దారికి ఇది దగ్గర. చీటీ మార్చే వీల్లేకపోతే దానికి నిజం, అబద్ధం రెండూ ఇవ్వకుండా వదిలేయండి. "ఈ మాట నిజం" అన్నదానికీ ఇదే మందు. అది తిరగబడదు కానీ, ఎటు తేల్చినా సరిపోతుంది, ఆధారమే ఉండదు.

సమస్య: "తమ లెక్కలు తాము చూసుకోని సంఘాలన్నిటి లెక్కలూ, వాటివి మాత్రమే, మా సంఘం చూస్తుంది" అనే నిబంధన. మరి ఆ సంఘం లెక్కలు ఎవరు చూడాలి?

కారణం: తన లెక్కలు తాను చూసుకుంటే చూడకూడదు, చూసుకోకపోతే చూడాలి. 1901లో తత్వవేత్త బెర్ట్రండ్ రస్సెల్ సమితుల్లో పట్టుకున్న చిక్కు ఇలాంటిదే. పరిష్కారం: అలాంటి సంఘం ఉండటమే కుదరదు. "మిగతా సంఘాల" అని రాసుకుంటే చాలు.

సమస్య: కావలిలో రొయ్యల మేత డీలర్ గుమస్తాకి కమీషన్ లెక్క. కమీషన్ పోగా మిగిలిన లాభంలో 5 శాతం. ఎక్సెల్‌లో వేస్తే సర్క్యులర్ రిఫరెన్స్ అని హెచ్చరిక వస్తుంది.

కారణం: కమీషన్ తెలియాలంటే మిగులు తెలియాలి, మిగులుకి మళ్లీ కమీషన్ కావాలి. టెన్షన్ పడొద్దు, ఈ చక్రం తిరిగి తిరిగి ఆగేదే. ఒక్కో చుట్టుకీ తేడా ఇరవయ్యో వంతుకి పడిపోతుంది. ఒక సెల్‌లో "1 నుంచి నన్ను తీసెయ్" అని రాస్తే మాత్రం ఒక్కో చుట్టుకి 0, 1 మారుతూనే ఉంటుంది. దాన్ని చెరిపేయాల్సిందే.

పరిష్కారం: ఫార్ములాస్ ఆప్షన్స్‌లో ఇటరేటివ్ కాలిక్యులేషన్ ఆన్ చేయండి. మామూలుగా 100 చుట్లు, 0.001 తేడా అని ఉంటుంది, అవి చాలు. అసలు చక్రమే వద్దనుకుంటే మొత్తం లాభాన్ని 5తో హెచ్చించి 105తో భాగించండి. నేనైతే ఇదే చేయమంటాను, ఫైలు ఎవరి చేతికి వెళ్లినా చెడదు. లాభం 2,10,000 ఇచ్చి చూడండి, కమీషన్ 10,000 రావాలి.